పేనం ఠావు దప్పితే... మిగతా మాట ఎవరికైనా గుర్తుందా?

పర్లాకిమిడి ఆడపడుచు
అందరికీ నమస్కారం. మా మామ్మ అనే మాట ఒకటి నాలుగు రోజులుగా నోట్లో ఆడుతోంది. సగమే గుర్తొస్తోంది (పేనం అంటే ప్రాణమే): "పేనం ఠావు దప్పితే ముక్కు మూసి ముక్కు, ముక్కినాక కాళ్ళు..." అక్కడికి వచ్చి ఆగిపోతోంది.

ఎందుకు గుర్తొచ్చిందో కూడా చెప్తాను. మొన్న గురువారం సాయంత్రం అప్పడాల పిండి మర్దిస్తుంటే గుండె ఉన్నట్టుండి పరుగందుకుంది. మెల్లగా పెరగడం కాదు, స్విచ్ వేసినట్టు. ఆసుపత్రికి వెళ్తే 186 కొట్టుకుంటోందన్నారు. ఈసీజీ తీశాక డ్యూటీలో ఉన్న పిల్ల డాక్టరు 10 మి.లీ. సిరంజి చేతికిచ్చి, ఊదమని ఒడియాలో ఏదో గబగబా చెప్పింది. కంగారులో నాకు వచ్చిన ఒడియా కూడా పోయింది. నర్సమ్మ తెలుగావిడ. "కానుపులో ముక్కినట్టు ముక్కమ్మా" అంది. అంతే, అర్థమైపోయింది. పదిహేను లెక్కపెట్టేదాకా ముక్కాను. ఆ వెంటనే తల కిందికి దించేసి కాళ్ళు రెండూ ఎత్తి పట్టుకున్నారు. కాళ్ళు పైన ఉండగానే గుండె టక్కుమని దారికొచ్చింది. మామ్మ మాట గుర్తొచ్చిందీ అప్పుడే.

ఇది పద్యంలో ముక్కా, సామెతా, మామ్మ సొంత కవిత్వమా? చివరి మాట ఏమై ఉంటుంది?

బరంపురం మాష్టారు
ముందు ఆరోగ్యం జాగ్రత్త తల్లీ. ఇక మాట సంగతి. "ఠావు" అని రాశావు, అది "తావు". తావు అంటే చోటు. ఠావు అనేది నాటకాల వాళ్ళు ఒత్తి పలికి పాడుచేసిన రూపం.

యతి తప్పని వాడు
మాష్టారూ, పోతన నాటకాల వాడా?

బరంపురం మాష్టారు
గజేంద్రుడి దగ్గరికి వస్తావని తెలుసు. వ్రాయసగాళ్ళు తా ని ఠా చేయడం ఎంతసేపు? 15వ శతాబ్దపు పద్యం, ఎన్ని చేతులు మారిందో.

యతి తప్పని వాడు
వ్రాయసగాడు అక్షరం మార్చగలడు, యతి స్థానం మార్చలేడు. "ఠావుల్ దప్పెను మూర్ఛ వచ్చెఁ దనువున్ డస్సెన్" లెక్కపెట్టండి. శార్దూలం. పాదం మొదటి అక్షరానికి 13వ అక్షరం జత కుదరాలి, అదే యతి. ఆ 13వది "డస్సెన్"లో డ. ఠాకీ డకీ చెల్లింది. తావుల్ అన్నారా, యతి మొసలి నోట్లో పడింది. పై పాదంలో "లావొక్కింతయు"కి "విలోలంబయ్యె"లో లం ఎంత శుభ్రంగా కూర్చుందో చూశారుగా. అలాంటివాడు కింది పాదంలో కాలుజారుతాడా?

జయపురం తమ్ముడు
డస్సెన్ బదులు అసలు పాఠం దస్సెన్ అయితే?

యతి తప్పని వాడు
దస్సడం అంటే ఏమిటో చెప్పు తమ్ముడూ, ఆ తర్వాత మాట్లాడుకుందాం.

గుణుపురం కాంపౌండరు
మీ యతి బాగానే ఉంది గానీ, మామ్మ మాటలో ప్రాణం అంతా రెండో "ముక్కు"లో ఉంది. మొదటిది నామవాచకం, రెండోది క్రియ. ముక్కీ మూలిగీ అంటాం చూడండి, ఆ ముక్కు. ఇది పద్యమూ కాదు, సామెతా కాదు, మంత్రసానుల మాట అని నా గట్టి నమ్మకం. 34 ఏళ్ళు మందుల కొట్టు నడిపాను. కానుపు గది బయట నిలబడితే వినిపించేది ఆ ఒక్క మాటే. నర్సమ్మ నోటా అదే వచ్చింది కదా.

యోగాభ్యాసి, రాయగడ
పూరకం, కుంభకం, రేచకం మనకు ఏనాటి నుంచో ఉన్నవే. ఇది కుంభకమే, అంటే ఊపిరి బిగబట్టడం. తెల్లవాళ్ళు ఇప్పుడు కనుక్కున్నామంటున్నారు.

సెలవులో ఉన్న డాక్టరు
అన్నా, కుంభకంలో గాలి నిమ్మళంగా నిలుస్తుంది. ఇక్కడ కావలసింది మూసిన దారి మీద గాలి పెట్టే ఒత్తిడి. రెంటికీ పేరు ఒకటే పెడితే రోగి ఊపిరి బిగబట్టి ఊరికే కూర్చుంటాడు, గుండె దాని పరుగు అది పరిగెడుతూనే ఉంటుంది. "ముక్కు" అన్న ఒక్క మాటకే పని జరుగుతుంది. దానికి వేరే అనువాదం అక్కర్లేదు.

ఈ ముక్కే పద్ధతికి పెట్టిన పేరు వల్సాల్వాది. బొలోన్యాలో ఉండేవాడు, ఇటలీ వాడు. 1704లో చెవి మీద రాసిన పుస్తకంలో చెప్పాడు. ఆయన ముక్కూ నోరూ మూసి గాలి నొక్కమన్నది చెవిలో చీము బయటికి రావడానికి. గుండె ఆయన లెక్కలోనే లేదు.

బరంపురం మాష్టారు
వల్సాల్వానా, వాల్సాల్వానా?

సెలవులో ఉన్న డాక్టరు
మాష్టారూ, దణ్ణం. ఆ తగువు ఇంకో రోజు.

జయపురం తమ్ముడు
డాక్టరు గారూ, ముక్కినప్పుడు పనిచేసే నాడిని వేగస్ అంటారు కదా. మన వేగం నుంచే వచ్చి ఉంటుందని నా ఊహ. గుండె వేగం తగ్గించేది అదే కాబట్టి.

సెలవులో ఉన్న డాక్టరు
చెవికి ఇంపుగానే ఉంది, నిజం మాత్రం కాదు. లాటిన్లో వేగస్ అంటే దేశదిమ్మరి. తలలో మొదలై మెడ, గుండె, ఊపిరితిత్తులు, కడుపు అన్నీ తిరిగొస్తుంది కాబట్టి ఆ పేరు. తెలుగులో సంచారి అనొచ్చు.

యతి తప్పని వాడు
సంచారి భావం అలంకారశాస్త్రంలో ఉంది. నాడికి పెట్టకండి, కోపం వస్తుంది.

సెలవులో ఉన్న డాక్టరు
ఠావు గురించి నాదీ ఒక మాట, మీరు ఒప్పుకోకపోయినా సరే. పోతన "ప్రాణంబులున్ ఠావుల్ దప్పెను" అన్నాడు గానీ ఆగిపోయాయి అనలేదు. ఈ జబ్బులో (ఎస్వీటీ అంటాం, గుండె ఉన్నట్టుండి పరుగందుకునే రకం) జరిగేది సరిగ్గా అదే. కొట్టుడు పుట్టాల్సిన చోటు గుండె పైగదిలో ఉంటుంది. ఈ రకాల్లో ఎక్కువగా కనిపించేదానిలో, పై గదులకీ కింది గదులకీ మధ్యనున్న గేటు దగ్గర విద్యుత్తు గానుగెద్దులా గుండ్రంగా తిరగడం మొదలెడుతుంది. ఒక్కో చుట్టుకీ ఒక్కో దెబ్బ. అందుకే 150, 180, 200. ముక్కినప్పుడు ఛాతీలో ఒత్తిడి పెరిగి గుండెకొచ్చే రక్తం తగ్గుతుంది. వదలగానే రక్తం ఒక్కసారిగా దూసుకొస్తుంది, బీపీ పైకి లేస్తుంది. దాన్ని పసిగట్టి వేగస్ ఆ గేటును బిగిస్తుంది. గానుగ ఒక్క చుట్టు ఆగితే చాలు, పాత ఠావు మళ్ళీ పగ్గం పట్టుకుంటుంది. కాళ్ళెత్తడం ఎందుకంటే, కాళ్ళలో నిలిచిన రక్తం కూడా అదే క్షణంలో వచ్చి కలవడానికి.

యోగాభ్యాసి, రాయగడ
అంటే మామ్మకి ముందే తెలుసన్నమాట! అదే నేనూ అంటున్నది.

సెలవులో ఉన్న డాక్టరు
మామ్మని నేను కాదనను. కానీ కాళ్ళెత్తితే ఎంత తేడా వస్తుందో లెక్కకట్టింది 2015లో. ఇంగ్లండులో 428 మంది మీద పరీక్షించి లాన్సెట్ అనే వైద్య పత్రికలో వేశారు. ఉత్తినే ముక్కి కూర్చున్నవాళ్ళలో నిమిషానికి దారికొచ్చింది నూటికి 17 మందికి. ముక్కిన వెంటనే పడుకోబెట్టి కాళ్ళు 45 డిగ్రీలు ఎత్తినవాళ్ళలో 43 మందికి. కళ్ళు తిరిగి పడిపోయినవాళ్ళకి కాళ్ళెత్తడం ఊళ్ళలో ఎప్పుడూ ఉన్నదే. మామ్మ దానికీ ముక్కడానికీ ముడి వేసిందో, మనవరాలి జ్ఞాపకం ఆ ఆసుపత్రి మంచం మీద వేసిందో నేను చెప్పలేను.

పర్లాకిమిడి ఆడపడుచు
అయ్యో, అలా అనకండి సార్. "ముక్కినాక కాళ్ళు" దాకా మామ్మ గొంతే వినిపిస్తోంది నాకు.

గుణుపురం కాంపౌండరు
అమ్మా, సిరంజి ఎందుకిచ్చారో చెప్పారా? లోపలి పుల్ల కొంచెం కదిలేంత గట్టిగా ఊదితే సుమారు 40 మిల్లీమీటర్ల పాదరసం ఒత్తిడి వస్తుంది. ఆ కొలత కోసమే. ఇంకొకటి, ఇది చదివి ఇంట్లో గుండెదడ వచ్చిన ప్రతివాడూ ముక్కడం మొదలెట్టకండి. మొదటిసారి వచ్చినప్పుడు ఈసీజీలో అదేమిటో తేలాల్సిందే. ఛాతీలో నొప్పి, ఆయాసం, కళ్ళు చీకట్లు కమ్మడం ఉంటే ముక్కుతూ కూర్చోకూడదు, బండెక్కాలి. గుండెదడ ఆపాలని మెడ ధమని నొక్కుకునే వీరులు కూడా ఉన్నారు, అది డాక్టరు చెయ్యి పడాల్సిన చోటు.

సెలవులో ఉన్న డాక్టరు
నూరుపాళ్ళూ నిజం. ముక్కినా లొంగకపోతే అడినోసిన్ అనే ఇంజెక్షను 6 మిల్లీగ్రాములు చకచకా ఎక్కిస్తాం. కొన్ని క్షణాలు గుండె ఆగినంత పని అవుతుంది. "డాక్టరుగారూ, పోతున్నాను" అని చెయ్యి పట్టుకున్నవాళ్ళున్నారు. నిజమైన ఠావు తప్పడం అప్పుడు చూడాలి.

బరంపురం మాష్టారు
ఎవరూ లావు సంగతి ఎత్తలేదు. "లావొక్కింతయు లేదు" అంటే బలం లేదని. మొన్న మా మనవడు "ఏనుగుకి లావు లేకపోవడమేంటి తాతా" అన్నాడు. ఆసుపత్రిలో నాకేమో లావు తగ్గమంటున్నారు. ఒక్క మాట ఎంత దూరం నడిచి వచ్చిందో!

జయపురం తమ్ముడు
మాష్టారు తావు వదిలేసి లావు పట్టుకున్నారు. ఓడిపోయినట్టేనా?

బరంపురం మాష్టారు
పోతనలో ఠావే, ఒప్పుకున్నాను. మామ్మ మాటలో తావే. పద్యానికున్న యతి మామ్మకెక్కడిది? గిడుగు వారు తిరిగిన ఊళ్ళో ఉండి జనం నోటి మాటని పద్యంతో దిద్దుతారా? 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా ఏర్పడి పర్లాకిమిడి అటు కలిసిందని ఆయన రాజమండ్రి వెళ్ళిపోయాడు గానీ, ఉండి ఉంటే మీ అందరికీ తలంటేవాడు.

జయపురం తమ్ముడు
అయితే నా ఊహ వినండి. మన చుట్టూ ఒడియాలో ఏఠారె, సేఠారె అంటారు, ఇక్కడ, అక్కడ అని. ఆ ఠా చోటే కదా. బళ్ళో, బస్టాండులో రోజూ వినే మాట. మామ్మ తావుకి ఒత్తు పెట్టింది పోతన కాదు, పొరుగింటి వాళ్ళు.

యతి తప్పని వాడు
ఇదొక్కటీ కొట్టిపారెయ్యలేను. కానీ పోతనకి ఒడియా పొరుగు లేదు, ఆయనకీ ఠావే వచ్చింది. రెండూ ఒకే పాత మాట నుంచి వచ్చిన దాయాదులు కావచ్చు.

పర్లాకిమిడి ఆడపడుచు
మీరంతా ఇంత తగువు పడుతున్నారని పాతపట్నంలో ఉన్న మా పెద్దమ్మకి ఫోన్ చేశాను. మామ్మ దగ్గరే పెరిగిన మనిషి. చివరి మాట తనకీ గుర్తు లేదట. "కాళ్ళు మిద్దెకెత్తు" అనో "మింటికెత్తు" అనో ఉండాలి అంది. ఠావా తావా అని నాలుగుసార్లు అడిగితే విసుక్కుని "రెండూ కాదే, టావు. మాయమ్మకి ఒత్తులు ఎప్పుడు పలికాయే?" అంది.

ఇంతకీ మాట ఎక్కడిదో ఎవరూ చెప్పలేదు.

యతి తప్పని వాడు
టావు కూడా డస్సెన్‌తో యతికి చెల్లుతుందమ్మా. మామ్మ గెలిచింది.

బరంపురం మాష్టారు
ట ఎలా చెల్లుతుందో రేపు పొద్దున్న మాట్లాడదాం.