‘కాలయంత్రం’, ‘మితీయ శక్తి’: ఈ రెండు మాటల మీద చర్చ

ప్రశ్న: పిల్లల కోసం ఒక సైన్స్ ఫిక్షన్ కథ రాస్తున్నానండీ. అందులో ఒక యంత్రం కాలాన్ని వెనక్కి తిప్పుతుంది. వేరే డైమెన్షన్ల నుంచి శక్తిని లాగుతుంది, అదుపు తప్పితే ఊరు ఊరే మాయమవుతుంది. దానికి ‘కాలయంత్రం’ అనీ, అది లాగే శక్తికి ‘మితీయ శక్తి’ అనీ రాశాను. చదివిన స్నేహితురాలు మొదటిదానికి టైమ్ మెషీన్ చాలు అంటోంది, రెండోది అర్థమే కాలేదట. ఏం చేయమంటారు?

జవాబు: మొదటిది ఉంచండి, రెండోది తీసేయండి.

టైమ్ మెషీన్ అనగానే మనలో చాలామందికి 1991లో సింగీతం శ్రీనివాసరావుగారు తీసిన ‘ఆదిత్య 369’ గుర్తొస్తుంది. రాయలవారి కొలువుకి వెళ్ళడం, అక్కణ్ణుంచి భవిష్యత్తులోకి దూకడం, అంతా సరదా ప్రయాణం. ఎక్కాలనిపించే బండి అది. మీ కథలోది ఎక్కకూడని బండి. దానికి ‘కాల’ అన్న మాటే సరైనది, ఎందుకంటే తెలుగులో కాలానికి చావు వాసన ఉంది. పెద్దాయన పోతే ‘కాలం చేశారు’ అంటాం. కాలుడంటే యముడు, ఆయన చేతిలోది కాలపాశం. రోడ్డు ప్రమాదం జరిగితే పేపర్లో లారీ ‘కాలయముడిలా’ దూసుకొస్తుంది, వేరేలా రావడం నేనైతే చూడలేదు. గీత పదకొండో అధ్యాయంలో విశ్వరూపం చూపిస్తూ కృష్ణుడు ‘కాలోఽస్మి లోకక్షయకృత్’ అంటాడు, లోకాల్ని నాశనం చేసే కాలాన్ని నేనే అని. కాలనాగు, కాలకూటం మాత్రం నలుపు నుంచి వచ్చినవని నిఘంటువులు విడదీస్తాయి. చెవి అలా విడదీయదు, దానికి అన్నీ ఒక గూటి పక్షులే.

ఇక ‘యంత్రం’. మనకి మెషీన్‌కి అచ్చతెలుగు మాట ‘మర’ ఉంది: పిండిమర, మరమగ్గం, మరఫిరంగి, మరమనిషి. అలాగని ‘కాలమర’ అంటే బియ్యం పట్టించుకురావాలనిపిస్తుంది. యంత్రం అలా కాదు. ఫ్యాక్టరీలోదీ యంత్రమే, విగ్రహం కింద పెట్టే రాగిరేకూ యంత్రమే. ముట్టుకుంటే ఏమవుతుందో అన్న జంకు ఆ మాటలోనే ఉంది, మీకు ఊరికే కలిసొస్తుంది.

‘మితీయ శక్తి’తోనే అసలు చిక్కు. డైమెన్షన్‌కి, అంటే పొడవూ వెడల్పూ లాంటి కొలతకి, పాఠ్యపుస్తకాల్లో మితి అని ఉన్న మాట నిజమే. బళ్ళో త్రిమితీయ ఆకారాలు, ఇంటర్ ఫిజిక్స్‌లో మితి ఫార్ములాలు చదివాం. కానీ పుస్తకం మూశాక మితి అంటే హద్దు. మితిమీరిన వేగం, మితభాషి, అపరిమితం, అన్నిట్లోనూ అదే. హద్దులు తెంచుకున్న శక్తికి మీరు పెట్టిన పేరు ‘హద్దుగా ఉండే శక్తి’ అని వినిపిస్తోంది! సైన్స్ చదివిన పిల్లవాడికైతే ఇంకో తంటా. వాడికి శక్తి మితులు అనగానే ఎం ఎల్ స్క్వేర్ టి మైనస్ టూ అన్న ఫార్ములా గుర్తొచ్చి పరీక్ష టెన్షన్ పట్టుకుంటుంది.

‘పరిమాణం’ అందామా అంటే జనానికి అది సైజు. హిందీ నుంచి ‘ఆయామం’ తెచ్చుకునేవాళ్ళున్నారు, సాహిత్య విమర్శలో సరేగానీ పిల్లల కథలో నోరు తిరగదు. పైగా ఇలాంటి కథల్లో డైమెన్షన్ అంటే పొడవూ వెడల్పూ కాదు, మరో లోకం. 1895లో ఇంగ్లిష్ రచయిత హెచ్.జి. వెల్స్ తన ‘ది టైమ్ మెషీన్’ నవలలో కాలమే నాలుగో డైమెన్షన్ అన్నప్పుడు లెక్కల అర్థంలోనే అన్నాడు. తర్వాత వచ్చిన కథలూ సినిమాలూ దాన్ని లాగి లాగి లోకం చేశాయి. లోకమే అయినప్పుడు మనకేం కరువు? ‘లోకాంతర శక్తి’ అనండి.

మరొకరు: కాలయంత్రం అంటే గడియారం కూడా అవుతుంది కదండీ? జైపూర్‌లోని పాత ఖగోళ వేధశాల జంతర్ మంతర్‌లో 27 మీటర్ల ఎత్తున్న సమ్రాట్ యంత్రం నీడగడియారమే. అడుగున చిల్లున్న రాగిగిన్నెని నీళ్ళ మీద వదిలి, అది మునిగితే ఒక గడియ, అంటే 24 నిమిషాలు అని లెక్కపెట్టేదాన్ని ఘటికా యంత్రమనే అన్నారు.

జవాబు: అవుతుంది, కాదనను. కానీ ఇవాళ గోడ మీద వేలాడేదాన్ని చూసి కాలయంత్రం అనేవాళ్ళెవరూ లేరు. ఆ మాట ఖాళీగానే ఉంది, వాడుకోవచ్చు. మీరు చెప్పిన గిన్నె మాత్రం కథలోకి భలే పనికొస్తుంది. మునిగిన గిన్నె దానంతట అదే పైకి తేలి, లోపలి నీళ్ళు చిల్లులోంచి కిందికి దిగిపోతే? యంత్రం మొదలైందని వేరే చెప్పక్కర్లేదు.

అడిగినవారు: గిన్నె తీసేసుకున్నానండీ! ‘యంత్రం మితీయ శక్తిని విడుదల చేసెను’ అన్న వాక్యం కొట్టేశాను. ఇంకొక్కటి. చివర్లో ఊరు మాయమైన చోట ‘ఊరికి కాలదోషం పట్టింది’ అని రాయొచ్చా?

జవాబు: కాలదోషం పట్టేది ప్రోనోటుకండీ, మూడేళ్ళు దాటితే కోర్టులో చెల్లదని. ఊళ్ళో వడ్డీవ్యాపారి పాత్ర ఏదైనా ఉంటే ఆయన నోట అనిపించండి, బ్రహ్మాండంగా పేలుతుంది. లేకపోతే వద్దు.