మన ఊరి పాటకి నిర్మాత ఎవరు? ఉద్యోగం వదిలి ఈ పనిలోకి దిగొచ్చా?

టెక్కలి కుర్రోడు
అందరికీ నమస్తే. మా చిన్నాన్న కొడుకు విశాఖలో ఐటీ ఉద్యోగం మానేసి జానపద పాటల వీడియోలు తీస్తానంటున్నాడు. కెమెరా పట్టడు, పాడడు. డబ్బు పెట్టి, మనుషుల్ని కూడగట్టి పాటని బయటికి తెచ్చే నిర్మాత పని చేస్తాడట. నిలదొక్కుకున్నాక చిన్న సినిమా తీస్తాడట. 2020లో 'పలాస 1978' సినిమా వచ్చాక మన పాటలకి గిరాకీ పెరిగిందంటాడు. ఇంట్లో అందరికీ ఒకటే టెన్షన్. శ్రీకాకుళంలో ఉండి ఇది బతుకుతెరువు అవుతుందా? తెలిసినవాళ్ళు చెప్పండి.

గంటస్తంభం
చెయ్యనివ్వండి. విజయనగరంలో 1919 నుంచి సంగీత కళాశాల ఉంది. ఘంటసాల అక్కడే నేర్చుకున్నారు. అయినా పాట రికార్డు కావాలంటే మద్రాసు రైలెక్కాల్సి వచ్చేది. ఇప్పుడు ఊళ్ళోనే అవుతోంది కదా.

సోంపేట సముద్రం
సినిమా తియ్యాలనుకుంటే హైదరాబాద్ పోవాలి. ఇక్కడ పాటలు తీస్తూ కూర్చుంటే వయసైపోతుంది.

ఆముదాలవలస అన్నయ్య
నేను చాలా ఏళ్ళుగా ఇదే పనిలో ఉన్నాను కాబట్టి వివరంగా చెబుతాను. బతుకుతెరువు అవుతుంది, కానీ ఒక్క పాటతో కాదు. ముందు పాట దొరకాలి. దానికి ట్రాక్, అంటే వెనక వాయిద్యాల సంగీతం, చేయించాలి. కీబోర్డు మీద అన్నీ వాయించేస్తే మన పాటలా ఉండదు, డోలూ సన్నాయీ మనుషులతోనే వాయించాలి. తర్వాత మిక్సింగ్, డాన్స్ మాస్టర్, అమ్మాయిలకి చీరలు, వ్యాను, టిఫిన్లు. కళింగపట్నం బీచ్‌లో పొద్దున్నే షూటింగ్ పెట్టుకుంటే ఎండెక్కేలోగా సగం పాట కూడా అవదు. వానొస్తే ఆ రోజు మనుషులకిచ్చే బ్యాటాలన్నీ నెత్తిన పడినట్టే. పలాస జీడితోటలో తియ్యాలంటే తోట యజమాని దగ్గరికి ముందురోజే వెళ్ళి మాట్లాడుకోవాలి. ఆ తర్వాత ఎడిటింగ్, రంగులు సరిచెయ్యడం, థంబ్‌నెయిల్. ఇంతా చేసి యూట్యూబ్‌లో పెడితే కొత్త ఛానెల్‌కి పైసా రాదు. ప్రకటనల డబ్బు రావాలంటే 1000 మంది సబ్‌స్క్రైబర్లు, ఏడాదిలో 4000 గంటల వీక్షణ ఉండాలి. వచ్చినదాంట్లో 45 శాతం యూట్యూబ్ ఉంచుకుంటుంది. మిగతా 55 శాతంలోంచే అప్పులు తీరాలి.

ఇంకో మాట. మీ తమ్ముణ్ని ఎవర్నీ గుడ్డిగా నమ్మొద్దనండి. నేను వెతికి తెచ్చి, ఖర్చు పెట్టి పాడించిన గాయని, నా పాట నాలుగు రోజులు ఆడగానే అదే పాటని ఇంకో ఛానెల్‌కి పాడేసింది. వాళ్ళ వీడియోకే ఎక్కువ వ్యూస్. నా డబ్బు గంగపాలు.

బొబ్బిలి వీణ
అన్నయ్యా, మీ లెక్కలో టిఫిన్లున్నాయి, చీరలున్నాయి. పాడినావిడకి ఎంతిచ్చారో మాత్రం లేదు.

ఆముదాలవలస అన్నయ్య
ఇచ్చాను మేడం. మాట్లాడుకున్నంతా ఇచ్చాను. అది వేరే విషయం. ఇక్కడ ప్రశ్న కెరీర్ గురించి.

బొబ్బిలి వీణ
వేరే విషయం కాదు. మా పిన్ని నాట్ల పాటలు పాడుతుంది. ఒక నిర్మాత వచ్చి స్టూడియోకి తీసుకెళ్ళాడు. నేనూ వెంట వెళ్ళాను. హెడ్‌ఫోన్స్ పెడితే ఆవిడకి పాట రాలేదు. వంగి నాటు వేస్తున్నట్టు ఒళ్ళు కదిలితేనే పదం నోట్లోకొస్తుంది ఆవిడకి. చివరికి ఒక చెవికి తీసేసి, కుడికాలు నేలకేసి కొట్టుకుంటూ పాడింది. ఇంజనీరేమో కాలి చప్పుడు మైకులో పడుతోందని కింద గోనెసంచి పరిచాడు. మధ్యలో ఒక చరణం మర్చిపోతే అప్పటికప్పుడు సొంతంగా కట్టింది. తిరిగొచ్చేటప్పుడు వ్యానులో డబ్బు చేతిలో పెట్టి తెల్ల కాగితం మీద వేలిముద్ర తీసుకున్నారు. వీడియో వచ్చాక చూస్తే 'రచన, సేకరణ' అని నిర్మాత పేరుంది. ఆవిడ పేరు ఎక్కడా లేదు.

ఆముదాలవలస అన్నయ్య
పేరు వెయ్యకపోవడం తప్పే. నేనైతే వేస్తాను. కానీ 'సేకరణ' అని వేసుకోవడంలో తప్పేముంది? ఊరూరూ తిరిగి వెతికింది ఆయనే కదా.

బొబ్బిలి వీణ
'రచన' అని కూడా ఉంది. చదవలేదా?

ఆముదాలవలస అన్నయ్య
చదివాను. నేనడిగింది 'సేకరణ' గురించి.

గంటస్తంభం
ఆ ఒక్క ముక్క పట్టుకుని ఇద్దరూ ఎంతసేపు లాగుతారు? కుర్రాడడిగింది వదిలేశారు.

పార్వతీపురం ప్లీడరు
చట్టం సంగతి చెబుతాను. 1957 కాపీరైట్ చట్టం ప్రకారం, పూనుకుని బాధ్యత నెత్తినేసుకుని రికార్డింగ్ చేయించినవాడే నిర్మాత. కెమెరా పట్టక్కర్లేదు. ఆ రికార్డింగ్ మీద హక్కు 60 ఏళ్ళు. ఇక్కడిదాకా అన్నయ్య పక్షం. తరతరాలుగా వస్తున్న పాట ఎవరి సొత్తూ కాదు, కాబట్టి గాయని అదే పాట ఇంకోచోట కొత్తగా పాడితే, వద్దని రాసుకున్న ఒప్పందం లేనిదే ఆపలేరు. ఇక పాడినావిడకి తన గానం మీద విడిగా హక్కుంది, అది 50 ఏళ్ళు. సొంతంగా కట్టిన చరణానికి ఆవిడే రచయిత్రి. 2012 సవరణ తర్వాత పాట రాసినవాళ్ళు రాయల్టీలో సమాన వాటా వదులుకుంటున్నామని సంతకం పెట్టినా చెల్లదు. హక్కులు రాసివ్వాలంటే ఏ పాట, ఏ హక్కు, ఎంత ప్రతిఫలం అన్నది కాగితం మీద ఉండాలి. తెల్ల కాగితం మీద వేలిముద్ర దేనికీ పనికిరాదు.

ఆముదాలవలస అన్నయ్య
కోర్టు మాటలు బాగానే ఉంటాయి ప్లీడరు గారూ. పాట ఆడకపోతే నష్టంలో వాటా ఎవరు పంచుకుంటారు? నా భార్య గాజులు బ్యాంకులో ఉన్నాయి. పాడినావిడ ఆ రోజే డబ్బు తీసుకుని ఇంటికెళ్ళిపోయింది. ఆడని పాటల లెక్క ఎవరికీ అక్కర్లేదు. ఆడిన ఒక్కదాని మీదకే అందరూ వస్తారు. ఏటండీ ఈ న్యాయం?

బొబ్బిలి వీణ
అసలు మాట ఇప్పుడొచ్చింది. ఇందాకట్నుంచి మీ బాధ పేరు గురించి కాదు, వాటా గురించి. నాదీ అదే. రిస్క్ మీదే, ఒప్పుకుంటాను. ముందు మీ ఖర్చు రాబట్టుకోండి. ఆ తర్వాత వచ్చే దాంట్లో అడుగుతున్నాం. సినిమా రచయిత రాయల్టీ అడిగితే అది హక్కు, మా పిన్ని అడిగితే దురాశా? ఆవిడ కూలికెళ్ళే మనిషి కాబట్టి, పాటకి కూడా కూలిచ్చి పంపేస్తే చాలనుకున్నారు మీరంతా.

ఆముదాలవలస అన్నయ్య
నేనలా అనలేదు. నేను పుట్టిందీ కూలింట్లోనే. మీరు నన్ను ఆ నిర్మాతతో కలిపి తిడుతున్నారు.

సోంపేట సముద్రం
అందుకే హైదరాబాద్ పొమ్మన్నాను.

బొబ్బిలి వీణ
తిట్టడం లేదు. అడుగుతున్నాను. మీ ఖర్చు తిరిగొచ్చిన పాట ఒక్కటైనా ఉంది కదా. ఆ గాయనికి తర్వాత ఏమైనా ఇచ్చారా?

ఆముదాలవలస అన్నయ్య
లేదు. ఆ డబ్బు తర్వాతి పాటకి పెట్టాను. ఈ పనిలో అందరూ చేసేది అదే. పక్కకి తీసి పంచితే తర్వాతి పాట ఉండదు, ఆ పాటకి పాడేవాళ్ళకి ఇచ్చే పేమెంటూ ఉండదు. నేను దీనికి ఒప్పుకోను, ఎన్నిసార్లడిగినా ఇదే మాట.

టెక్కలి కుర్రోడు
మా తమ్ముడికి ఇదంతా చూపించాను. మానేస్తాననలేదు. ఉద్యోగం మాత్రం ఇప్పుడే వదలడట, శని ఆదివారాల్లో తీస్తాడట. పాడేవాళ్ళతో రాసుకోవడానికి తెలుగులో కాగితం నమూనా ఉందా అని అడిగాడు. ప్లీడరు గారూ, ఉంటే పెట్టగలరా?

పార్వతీపురం ప్లీడరు
రేపు పెడతాను. ఎంత కాలానికి, ఎక్కడెక్కడ వాడుకోవడానికి అన్నది తప్పకుండా రాయించుకోమనండి. కాలం రాయకపోతే చట్టం 5 ఏళ్ళనే అనుకుంటుంది, ప్రాంతం రాయకపోతే ఇండియా వరకే. యూట్యూబ్ పాట దుబాయ్‌లోనూ చూస్తారు. వేలిముద్ర వేసే మనిషైతే చదివి వినిపించి, వాళ్ళ తరఫు మనిషి ఒకర్ని సాక్షిగా పెట్టుకోవాలి.

ఆముదాలవలస అన్నయ్య
నమూనాలో వాటా అని రాస్తే నేను వాడను. పేరు, పేమెంట్, ఏడాది పాటు అదే పాట వేరేచోట పాడకూడదన్న షరతు, ఇంతవరకూ రాయండి. సంతకం పెడతాను.

బొబ్బిలి వీణ
మొన్న ఇంకో ఛానెల్‌వాళ్ళు మా పిన్నికి ఫోన్ చేశారు. ఈసారి ఎక్కువిస్తామన్నారు. ముందు కాగితం పంపమని నేనే చెప్పించాను. మళ్ళీ ఫోన్ రాలేదు. అన్నయ్యా, మీ షరతులు పెట్టండి, కానీ వాటా ఖాళీ వదిలేసిన కాగితం మీద ఆవిడ చేత వేలిముద్ర వేయించను.