మూడు మెట్లకు అయిదడుగుల ర్యాంపు: ఇది చెల్లుతుందా? ఎవరికి ఫిర్యాదు చేయాలి?

కంకరరోడ్డు:
ఆంధ్రాలో ఒక మండల కేంద్రం. ప్రభుత్వ రంగ బ్యాంకు శాఖ, అద్దె భవనం, గ్రౌండ్ ఫ్లోరే. రోడ్డు నుంచి మూడు మెట్లు ఎక్కాలి, మొత్తం ఎత్తు అడుగున్నర. పక్కన ర్యాంపు కట్టారు గానీ టేపు పెట్టి కొలిస్తే పొడవు అయిదడుగులే, పైన నున్నటి గ్రానైట్. నాన్నగారికి పక్షవాతం. వీల్‌చెయిర్ ఎక్కించడానికి ఇద్దరు కావాలి, దించడానికి ముగ్గురు. అది దాటినా, సగం తెరిచిన గేటుకు అడ్డంగా గొలుసు. మేనేజరు గారేమో "ర్యాంపు ఉంది కదండీ, ఇంతకంటే పెంచడానికి ఓనరు ఒప్పుకోడు" అంటున్నారు. నాన్నగారికి సదరం సర్టిఫికెట్ ఇంకా రాలేదు. అది లేకుండా అడగొచ్చా? ఎవరిని అడగాలి? అసలు ర్యాంపు ఎంత పొడవు ఉండాలి?

రసమట్టం:
కొలతల సంగతి నేను చెప్తాను, చట్టం తెలిసినవాళ్లు మిగతాది చెప్తారు.

వాలు 1:12 మించకూడదు. అంటే ఒక అంగుళం ఎత్తుకు పన్నెండు అంగుళాల పొడవు. మీ 18 అంగుళాల ఎత్తుకు 18 అడుగుల ర్యాంపు రావాలి. ఇప్పుడున్నది 1:3 కి దగ్గర, సుమారు 17 డిగ్రీలు. 1:12 అంటే 5 డిగ్రీలు కూడా ఉండదు. మన ఊళ్లలో ర్యాంపు పేరుతో కట్టేవి చాలావరకు బైకులు ఎక్కించుకునే వాలులే. మేస్త్రీకి ఎవరూ కొలత చెప్పరు, ఉన్న జాగాలో సిమెంటు పోసి సరిపెడతాడు.

కొలవడం ఇలా. తిన్నగా ఉన్న నాలుగడుగుల చెక్క తీసుకోండి. ఒక కొనను ర్యాంపు మీద ఆనించి, రెండో కొన కింది వైపుకు వచ్చేలా పట్టుకుని, రసమట్టం పెట్టి సమంగా నిలపండి. కింది కొన దగ్గర చెక్కకీ ర్యాంపుకీ మధ్య ఖాళీ 4 అంగుళాలు దాటితే వాలు 1:12 కంటే ఎక్కువన్నట్టే. మీ దగ్గర అది 14 అంగుళాలు దాటుతుంది. చెక్క, టేపు, అంకెలు మూడూ కనబడేలా ఫోటో తీయండి. ఆ ఒక్క ఫోటోతో "ర్యాంపు ఉంది కదా" అనే జవాబు నోట్లోనే ఆగిపోతుంది.

వెడల్పు కనీసం 1200 మి.మీ., అంటే దాదాపు నాలుగడుగులు. పైనా కిందా అయిదడుగుల చదునైన జాగా ఉండాలి. పైన అది లేకపోతే వాలు మీదే కుర్చీ ఆపి తలుపు లాగాలి, కుర్చీ వెనక్కి జారేది అక్కడే. రెండు వైపులా రెయిలింగు, పై కమ్మీ 900 మి.మీ. ఎత్తులో, పిడికిలికి పట్టేలా 38 నుంచి 45 మి.మీ. మందం. ర్యాంపు అంచుల్లో చిన్న గట్టు లేకపోతే ముందు చక్రం పక్కకి దిగిపోతుంది. గ్రానైట్ తీయించలేకపోతే ఫ్లేమ్ ఫినిష్ (మంటతో కాల్చి గరుకు చేయడం) చేయించమనండి. కొత్తగా సిమెంటు పోస్తే చీపురు గీతలు చాలు. బండ్లు జారకుండా అడ్డంగా లోతైన గాట్లు పెట్టే అలవాటుంది, అది మాత్రం వద్దు. వీల్‌చెయిర్ ముందు చక్రాలు చిన్నవి, గాట్లలో ఇరుక్కుంటాయి.

గేటు సంగతి వేరే. తెరిచిన ఖాళీ 900 మి.మీ. ఉండాలి. షట్టరు పట్టా నేలకంటే లేచి ఉంటే దాన్నీ కొలిచి రాసుకోండి.

నోటీసుబోర్డు:
రసమట్టం గారు చెప్పిన అంకెలే మీ ఫిర్యాదుకు ప్రాణం. ఇక చట్టం.

వికలాంగుల హక్కుల చట్టం (2016) 2017 ఏప్రిల్ 19 నుంచి అమల్లో ఉంది. (ఉత్తర్వుల్లో "దివ్యాంగులు" అని ఉంటుంది, ఆంధ్రాలో శాఖ పేరు విభిన్న ప్రతిభావంతుల సంక్షేమ శాఖ. పేర్లు మారినంత వేగంగా మెట్లు మారలేదు.) దీని కింద నిబంధనలు 2017 జూన్ 15న వచ్చాయి. సెక్షన్ 45 ప్రకారం అప్పటికే ఉన్న పబ్లిక్ భవనాలకు ఆ రోజు నుంచి అయిదేళ్లు, సెక్షన్ 46 ప్రకారం సేవలందించే సంస్థలకు రెండేళ్లు గడువు. రెండూ దాటిపోయాయి. "పబ్లిక్ భవనం" అంటే సర్కారు భవనమే కానక్కర్లేదు, జనం వాడుకునే ప్రైవేటు భవనమూ దాని కిందికే వస్తుంది. కాబట్టి ఓనరు సాకు మీ దగ్గర చెల్లదు. అది బ్యాంకుకీ ఓనరుకీ మధ్య సంగతి.

సదరం గురించి. 40 శాతం పట్టింపు రిజర్వేషన్లు, పథకాల వంటి వాటికి. చట్టంలో "వికలాంగత గల వ్యక్తి" వేరు, "బెంచ్‌మార్క్ వికలాంగత" (40 శాతం, ఆపైన) వేరు. ర్యాంపు అడగడానికి మొదటిది చాలు. సదరం, యూడీఐడీ (కేంద్రం ఇచ్చే వికలాంగుల గుర్తింపు కార్డు) వచ్చాక ఫిర్యాదుకు జతచేస్తే ఫైలు తేలిగ్గా కదులుతుంది. ఈలోగా పక్షవాతం అని రాసిన డిశ్చార్జి సమ్మరీ పెట్టండి.

ఎక్కడికి పంపాలన్న దగ్గరే ఎక్కువమంది పొరబడతారు. ప్రభుత్వ రంగ బ్యాంకు కేంద్రం కిందిది కాబట్టి ఢిల్లీలోని వికలాంగుల చీఫ్ కమిషనర్‌కు వెళ్లాలి. అదే ప్రైవేటు క్లినిక్కో, కల్యాణ మండపమో అయితే రాష్ట్ర కమిషనర్‌కు. సోమవారం కలెక్టరేట్ గ్రీవెన్సులో అర్జీ ఇవ్వొచ్చు, ఇవ్వండి కూడా. కానీ అక్కడి నుంచి అది లీడ్ బ్యాంకుకు (జిల్లాలో బ్యాంకులన్నిటినీ సమన్వయం చేసే బ్యాంకు), అక్కడి నుంచి తిరిగి అదే మేనేజరుకు చేరుతుంది. ఒక్క దాన్నే నమ్ముకోకండి.

ముందు బ్యాంకుకు రాతపూర్వకంగా ఇవ్వండి. మేనేజరుకు ఒకటి, జోనల్ ఆఫీసుకు ఒకటి, రిజిస్టర్డ్ పోస్టులో. భావోద్వేగాలు వద్దు, ఇంత చాలు:

"మీ శాఖ ద్వారం రోడ్డు నుంచి 18 అంగుళాల ఎత్తులో ఉంది. ర్యాంపు పొడవు 60 అంగుళాలు, వాలు 1:3 కి దగ్గర. ఉండవలసింది 1:12. రెయిలింగు లేదు. గేటు తెరిచిన ఖాళీ — అంగుళాలు, మా నాన్నగారి వీల్‌చెయిర్ వెడల్పు — అంగుళాలు. ఫోటోలు జతచేశాను. సెక్షన్ 45, 46 ప్రకారం సరిచేసి, ఏ తేదీలోగా చేస్తారో 30 రోజుల్లో రాతపూర్వకంగా తెలపగలరు."

"ఏ తేదీలోగా" అన్న ముక్క మానకండి. అది లేకపోతే "పరిశీలిస్తున్నాం" అని ఒక్క వాక్యం వచ్చి ఆగిపోతుంది.

జవాబు రాకపోతే ఆ లేఖ, పోస్టు రసీదు, ఫోటోలతో చీఫ్ కమిషనర్‌కు. ఫీజు లేదు, లాయరు అక్కర్లేదు, ఈమెయిల్‌లో పంపొచ్చు. ఎప్పుడు, ఎక్కడ, ఏం జరిగింది, మీరు కోరేదేమిటి అన్నవి విడివిడిగా రాయండి. వాళ్లు బ్యాంకుకు నోటీసిచ్చి 30 రోజుల్లో వివరణ అడుగుతారు. విచారణ పెడితే వీడియోలో హాజరయ్యే వీలు అడగండి. కమిషనర్ ఇచ్చేది సిఫారసు. దాని మీద ఏం చేశారో, చేయకపోతే ఎందుకు చేయలేదో బ్యాంకు మూడు నెలల్లో చెప్పాలి.

పాతకాపు:
అంతా బాగానే ఉంది గానీ, ఈ కొలతల రూల్‌నే సుప్రీంకోర్టు కొట్టేసింది కదా? 2024 నవంబర్ 8 తీర్పు. ఇంకా 1:12 అంటే బ్యాంకు లాయరు నవ్వడా?

నోటీసుబోర్డు:
పాతకాపు గారూ, కొట్టేసింది నిజమే, కానీ మీరనుకునే దిక్కుకు కాదు. రాజీవ్ రాటూరీ కేసులో కోర్టు తప్పుపట్టింది 2017 నిబంధనల్లోని 15(1) రూల్‌ని. చట్టంలోని సెక్షన్ 40 తప్పనిసరి నియమాలు చేయమంటే, ఈ రూల్ సలహాల్లాంటి మార్గదర్శకాలను చూపించి ఊరుకుంది, అది చట్టానికి విరుద్ధం అని. తప్పనిసరి కనీస ప్రమాణాలను విడదీసి మూడు నెలల్లో తేవాలని కేంద్రాన్ని ఆదేశించింది. ఆ నియమాలు వచ్చాక పాటించని భవనాలకు నిర్మాణం పూర్తయినట్టు ఇచ్చే ధృవపత్రం ఆపాలని, జరిమానాలు వేయాలని కూడా చెప్పింది. అంటే కోర్టు అన్నది "ఇది సరిపోదు, ఇంకా గట్టిగా ఉండాలి" అని. ఆ కేసులో కోర్టు చేతికి వచ్చిన నివేదిక మన హైదరాబాద్ నల్సార్ న్యాయ విశ్వవిద్యాలయంలోని వికలాంగ అధ్యయన కేంద్రానిదే. సెక్షన్ 45, 46, 89 అలాగే ఉన్నాయి. 1:12 అన్నది కేంద్రం తెచ్చిన 2021 హార్మొనైజ్డ్ గైడ్‌లైన్స్‌లో ఉంది, నేషనల్ బిల్డింగ్ కోడ్ 2016లో కూడా ఉంది. రూల్ 15 పేరు ఎత్తకుండా ఈ రెండింటినీ కొలమానంగా రాయండి, చాలు.

సెక్షన్ 89 జరిమానా మొదటిసారి 10,000 రూపాయల వరకు, తర్వాత 50,000 నుంచి 5 లక్షల వరకు. అది వేసేది కమిషనర్ కాదు, కోర్టు. కాబట్టి మొదటి లేఖలోనే జరిమానా బెదిరింపు పెట్టకండి. అవతలివాళ్లు ఫైలును లీగల్ సెల్‌కు తోసేస్తారు, ర్యాంపు అక్కడే ఉంటుంది.

కంకరరోడ్డు:
చాలా థాంక్సండీ. రెండు చిక్కులు. బ్యాంకు ముందు రోడ్డుకు ఆరడుగుల జాగానే, 18 అడుగులు ఎక్కడ పెట్టాలి? పక్కన అయిదడుగుల సందు ఉంది, నలభై అడుగుల పొడవు. రెండోది, ఈలోగా నాన్నగారి పెన్షన్ పనులకు దారేమిటి? రిజర్వ్ బ్యాంకుకు కూడా రాయొచ్చా?

రసమట్టం:
సందు ఉంటే పని అయినట్టే. ర్యాంపును సందులో, గోడ వెంబడి పెట్టండి. ఒక వైపు కమ్మీ గోడకే బిగిస్తారు, రెండో వైపు పైపు స్తంభాలు. రెండు కమ్మీలూ కలిసి ఏడెనిమిది అంగుళాలు తిన్నా నాలుగడుగులు మిగులుతుంది. అంతకు మించి వదులుకోవడానికి పెద్దగా జాగా లేదు కాబట్టి ఏసీ అవుట్‌డోర్ యూనిట్, జనరేటరు ఆ గోడకు ఉంటే ముందే తీయించాలి. పైన అయిదడుగుల చదును వచ్చేచోట పక్క తలుపు తెరవాలి. పక్క గోడ బరువు మోసేదైతే ఇంజనీరు చూడకుండా పగలగొట్టనివ్వకండి. సందు ఫైరు దారి అయితే స్థానిక సంస్థ అనుమతి కూడా కావాలి.

ముందువైపే 1:12లో మడతపెట్టి కట్టాలంటే తొమ్మిదేసి అడుగుల రెండు వాలులు, మధ్యలో అయిదడుగుల మలుపు. దానికి ఎనిమిదడుగులపైనే లోతు కావాలి, మీ ఆరడుగుల్లో పట్టదు. రోడ్డు మీదికో, కాలువ మీదికో జరిపితే ఏదో ఒక రోజు కొట్టేస్తారు. మడతపెట్టే అల్యూమినియం ర్యాంపు ఒక మెట్టుకు పనికొస్తుంది, మూడు మెట్లకు సరిపడా పొడవున్నది ఆ జాగాలో పరవలేరు. జాగా అసలే లేని భవనాలకు చిన్న ప్లాట్‌ఫాం లిఫ్టు మార్గం, కానీ కరెంటు పోతే నడిచేలా ఏర్పాటు ఉండాలి, తాళం సెక్యూరిటీ గార్డు దగ్గర కాకుండా అక్కడే ఉండాలి.

నోటీసుబోర్డు:
రిజర్వ్ బ్యాంకు 2017 నవంబర్‌లోనే 70 దాటినవాళ్లకు, వికలాంగులకు, నడవలేనివాళ్లకు ఇంటి దగ్గరే నగదు, కేవైసీ కాగితాలు, లైఫ్ సర్టిఫికెట్ వంటి సేవలు అందించాలని బ్యాంకులకు చెప్పింది. ఆ లేఖతోనే రాతపూర్వకంగా కోరండి. లైఫ్ సర్టిఫికెట్ అయితే జీవన్ ప్రమాణ్ ముఖ గుర్తింపుతో ఫోన్‌లోనే ఇంట్లో అయిపోతుంది. ఒక జాగ్రత్త: "ఇంటికే వస్తున్నాం కదా, ఇక ర్యాంపు ఎందుకు" అంటారు. ఇంటి సేవ తాత్కాలిక ఏర్పాటనీ, ప్రవేశం హక్కును వదులుకోవడం లేదనీ ఒక వాక్యం రాసి ఉంచండి.

రిజర్వ్ బ్యాంకు అంబుడ్స్‌మన్‌కు (బ్యాంకుల మీద ఫిర్యాదులు వినే అధికారి) వెళ్లొచ్చు, బ్యాంకుకు ఫిర్యాదు ఇచ్చి 30 రోజులు జవాబు రాకపోతేనో, వచ్చిన జవాబు నచ్చకపోతేనో. కానీ ఒకే విషయం వేరే అధికారి దగ్గర నడుస్తుంటే అంబుడ్స్‌మన్ తీసుకోరు. అందుకని విడగొట్టండి. ఇంటి సేవ నిరాకరిస్తే అది అంబుడ్స్‌మన్‌కు, ర్యాంపూ గేటూ చీఫ్ కమిషనర్‌కు.

ఇంకోటి, పది రూపాయలతో ఒక సమాచార హక్కు దరఖాస్తు బ్యాంకుకు వేయండి. మూడే ప్రశ్నలు: ఈ శాఖకు యాక్సెసిబిలిటీ ఆడిట్ (వికలాంగులకు అనువుగా ఉందో లేదో తనిఖీ) జరిగిందా, ర్యాంపు గురించి ఓనరుతో జరిగిన ఉత్తర ప్రత్యుత్తరాల నకళ్లు, అద్దె ఒప్పందం ఏ తేదీతో ముగుస్తుంది. మూడోదే అసలైనది. ఒప్పందం పొడిగించే ముందు నెలల్లో "ఒప్పుకోని ఓనరు" ఒప్పుకుంటాడు, మీ ఫిర్యాదు అప్పటికి ఫైల్లో ఉండాలి.

రసమట్టం:
గొలుసుకు మాత్రం ఇవేవీ అక్కర్లేదు. ఒక కొక్కెం పెడితే గార్డు తీసి మళ్లీ తగిలించుకుంటాడు. రేపు వెళ్లినప్పుడే అడగండి.