ముఖం చూసి కుక్క జాతి చెప్పొచ్చా?

మధురవాడ_వాసి:
మా బుజ్జి వీధిలో దొరికిన పిల్ల. ఇప్పుడు ఏడాదిన్నర. వెడల్పు తల, పొట్టి మూతి, ఒంటి నిండా పులిచారలు. ఒక చెవి నిక్కబొడుచుకుని ఉంటుంది, రెండోది సగంలో మడత పడింది. ఈ రూపం చూసి మా అపార్ట్‌మెంట్‌లో ఒకాయన ‘ఇది పిట్‌బుల్ అనే ప్రమాదకరమైన జాతి క్రాస్, పంపించేయండి’ అని పట్టుబట్టారు. టెన్షన్‌తో నిద్ర పట్టడం లేదు. ముఖం చూసి జాతి చెప్పడం అయ్యే పనేనా?

గాజువాక_లక్ష్మి:
కాదండీ. పులిచారలున్న ఊరకుక్కలు మా వీధిలోనే రెండున్నాయి. వాటి దగ్గరికి పిట్‌బుల్ ఎక్కణ్ణుంచి వస్తుంది?

శునకమిత్ర:
అసలు చెప్పలేం అంటే ఒప్పుకోను. కొన్ని లక్షణాలు దాగవు. డాక్స్‌హుండ్ పొట్టి కాళ్లకు కారణమైన జన్యువు తల్లిదండ్రుల్లో ఒకరి నుంచి వచ్చినా చాలు, పిల్లకి కాళ్లు పొట్టిగానే వస్తాయి. మీసం, గడ్డం కూడా అంతే.

గాజువాక_లక్ష్మి:
నిజమే, కానీ మీసం చాలా జాతులకుంది. దాన్ని బట్టి ఏ జాతని చెబుతారు? అమెరికాలో బార్ హార్బర్‌లో స్కాట్, ఫుల్లర్ అనే శాస్త్రవేత్తలు బసెంజీ, కాకర్ స్పానియల్ అనే రెండు జాతుల్ని కలిపి పిల్లల్ని పుట్టించారు. బసెంజీకి నిలువు చెవులు, చుట్ట తోక. కాకర్ స్పానియల్‌కి వేలాడే పొడవు చెవులు. రెండో తరానికొచ్చేసరికి తోబుట్టువుల్లోనే ఒకదాని రూపు ఇంకోదానికి లేదు. అమ్మానాన్నలు ఎవరో తెలిసిన పిల్లలే అలా ఉంటే, వీధిలో దొరికిన బుజ్జి సంగతి ఎవరు చెప్పగలరు?

సీతమ్మధార_నాన్న:
మా పాపని కుక్క కరిచింది. అప్పట్నుంచి వెడల్పు తల కుక్క కనిపిస్తే చాలు, పాప నా వెనక దాక్కుంటుంది. ప్రభుత్వం కూడా 23 జాతుల్ని, వాటి క్రాస్‌లని నిషేధించమంది కదా?

శునకమిత్ర:
ఆ ఉత్తర్వు 2024 మార్చిలో వచ్చింది. ఏప్రిల్‌లో కర్ణాటక హైకోర్టు కొట్టేసింది. పైగా జాతి తెలిసినా గుణం తెలిసినట్టు కాదు. 2022లో 18 వేలకు పైగా కుక్కల మీద చేసిన అధ్యయనంలో, ఒక కుక్క ప్రవర్తనకీ ఇంకో కుక్క ప్రవర్తనకీ ఉన్న తేడాల్లో జాతి వల్ల వచ్చేది 9 శాతమే అని తేలింది. ఈ విషయంలో లక్ష్మిగారితో నాకు తగాదా లేదు.

మధురవాడ_వాసి:
సీతమ్మధార నాన్నగారూ, పాపకి ఇప్పుడెలా ఉందండీ? మీరు చెప్పాక మా ఫ్లోర్ పిల్లలు గుర్తొచ్చారు. రేపట్నుంచి బుజ్జిని లిఫ్ట్‌లో తీసుకెళ్లను. మెట్ల మీదుగా, పొట్టి తాడుతో, మూతికి బుట్ట వేసి తీసుకెళ్తాను. టీకా కార్డు అపార్ట్‌మెంట్ మీటింగ్‌కి పట్టుకెళ్తున్నా. అందులో డాక్టరుగారు జాతి దగ్గర ‘నాటు, మిశ్రమం’ అని రాశారు. పంపించడం మాత్రం నా వల్ల కాదు.