ఛాతీలో మంట లేదు, గొంతు మాత్రం బొంగురు: గ్యాస్ గోళీలు వాడాలా?

మిర్యాలగూడ టీచర్: రోజుకు ఆరు పీరియడ్లు చెప్తాను. రెండు నెలలుగా మూడో పీరియడ్‌కే గొంతు బొంగురుపోతోంది. ఏదో అడ్డం పడ్డట్టు ఉంటుంది, ఎంత సవరించుకున్నా పోదు. మంట, పుల్లటి తేన్పులు లేవు. గొంతు చూడకుండానే ఇది సైలెంట్ రిఫ్లక్స్ (మంట తెలియకుండానే కడుపులోని యాసిడ్ గొంతు దాకా ఎగదన్నడం) అని డాక్టర్ మూడు నెలలకు గోళీలు రాశారు. మంటే లేనప్పుడు యాసిడ్ ఎట్లా అవుతుంది?

పాలమూరు మెడికల్ షాప్: అవుతుంది మేడమ్. అన్నవాహిక యాసిడ్‌ను కొంత తట్టుకుంటుంది, స్వరపేటిక తట్టుకోలేదు. పైకి వచ్చేదాంట్లో పెప్సిన్ కూడా ఉంటుంది, కడుపులో మాంసాన్ని అరిగించేదే అది. గోళీ వాడండి, కానీ పరగడుపున, టిఫిన్‌కు అరగంట ముందు. చాలామంది తిన్నాక వేసుకుని, పని చేయట్లేదని మళ్లీ నా దగ్గరికే వస్తారు.

దేవరకొండ నర్సు: అన్నా, నేను ఒప్పుకోను. గోళీ యాసిడ్‌ను తగ్గిస్తుంది గానీ పైకి ఎగదన్నడాన్ని ఆపదు. బ్రిటన్‌లో ఎంతకీ తగ్గని గొంతు బాధ ఉన్న 346 మందిలో కొందరికి లాన్సోప్రజోల్ అనే గ్యాస్ గోళీ, మిగతావాళ్లకు మందు లేని గోళీలు 16 వారాలు ఇచ్చారు. ఫలితాలు 2021లో వచ్చాయి. రెండు గుంపుల్లోనూ బాధ దాదాపు ఒకేలా తగ్గింది.

పాలమూరు మెడికల్ షాప్: వాళ్లందరికీ రిఫ్లక్స్ ఉందని ముందే తేల్చుకుని తీసుకోలేదు కదమ్మా. ఛాతీ మంట కూడా ఉన్నవాళ్లకు గోళీ పనిచేయడం నేను రోజూ చూస్తున్నా.

దేవరకొండ నర్సు: మేడమ్‌కు ఆ మంటే లేదు కదన్నా! తేల్చుకోకుండా మూడు నెలల మందు ఎందుకు? బొంగురు నాలుగు వారాలు దాటితే ముందు స్వరపేటికను కెమెరాతో చూడాలి. అరిచి అరిచి టీచర్లకు స్వరతంతువుల మీద బుడిపెలు వస్తాయి, వాటికి గ్యాస్ గోళీ ఏం చేస్తుంది? మా మేనమామ బీడీలు తాగేవాడు. ఏడు నెలలు గ్యాస్ గోళీలతోనే గడిపాం. చివరికి చూస్తే తంతువు మీద గడ్డ. ఆ ఏడు నెలలు తలుచుకుంటే ఇప్పటికీ నిద్ర పట్టదు.

మేడమ్, రాత్రి ఎన్నింటికి తింటారు?

మిర్యాలగూడ టీచర్: పేపర్లు దిద్ది పదింటికి. అన్నం, పచ్చిపులుసు, వెంటనే పడక. బడిలో నాలుగు చాయ్‌లు. శనివారం నల్లగొండలో ఈఎన్‌టీకి చూపించుకుంటా. కెమెరా అంటేనే టెన్షన్‌గా ఉంది.

దేవరకొండ నర్సు: భయపడకండి అక్కా. ముక్కులో మత్తు స్ప్రే కొట్టి సన్నటి పైపు పెడతారు. 'ఈ...' అనమంటారు, తంతువులు కదలడం తెర మీద మీకే కనిపిస్తుంది. ఐదు నిమిషాలు కూడా పట్టదు. ఈలోపు ఏడింటికే తినేయండి, మంచం తలవైపు కాళ్ల కింద ఇటుకలు పెట్టండి. గొంతు గీరుకోవాలనిపిస్తే ఒక గుక్క నీళ్లు తాగండి, గీరే కొద్దీ తంతువులు ఇంకా వాస్తాయి.