శాంతి దూత్ నిజంగా ఎవరి పేపర్?

పాతకాగితం:
ఫిజీలో 1935 మేలో మొదలైన హిందీ వారపత్రిక శాంతి దూత్‌ని అందరూ ‘గిర్మిట్ కూలీల గొంతు’ అంటున్నారు (గిర్మిట్ అంటే అగ్రిమెంట్, ఒప్పందం మీద ఇండియా నుంచి వెళ్లిన కూలీలు). నాకు మింగుడుపడట్లేదు. దాన్ని పెట్టింది ఫిజీ టైమ్స్, అంటే అప్పట్లో తెల్లవాళ్ల ఇంగ్లీషు పేపర్. 1929లో భారతీయ సభ్యులు అందరికీ ఒకే ఓటర్ల జాబితా ఉండాలని పట్టుబట్టి, మాట చెల్లక శాసనమండలిలోంచి లేచి వచ్చేశారు. ఆ వేడి చల్లారక ముందే తెల్లవాళ్ల ప్రెస్సు నుంచి ‘శాంతి’ పేరుతో పేపరు! పేరు చూస్తేనే నాకు అనుమానం.

కోనసీమ కుర్రాడు:
పేరు పట్టుకుని కొట్టేస్తే ఎలా గురూ? తొలి సంపాదకుడు పండిత్ గురుదయాళ్ శర్మ. దశాబ్దాల పాటు నడిపింది ఆయనే. ప్రెస్సు దొరలదే, రాత మనవాళ్లది.

పాతకాగితం:
జీతం ఎవరిస్తారో రాత వాళ్ల వైపే వాలుతుందండీ. మనవాళ్లే సొంతంగా పెట్టుకున్న ఫిజీ సమాచార్ లాంటివి ఏమయ్యాయి? మూతబడ్డాయి. వెనక పెద్ద ప్రెస్సున్నది మిగిలింది.

ఉత్తరాంధ్ర:
అసలు సంగతి వదిలేశారు. అక్కడి మన తెలుగును మింగేసింది ఈ హిందీ పేపరే కదా?

ఆక్లండ్ బాబాయ్:
కాదమ్మా, లెక్క సరిపోదు. 1903 నుంచి మద్రాసు రేవులో ఓడలెక్కి వెళ్లినవాళ్లలో మన విశాఖ, గోదావరి, కృష్ణా జిల్లాలవాళ్లూ ఉన్నారు. 1916కే ఓడలు ఆగిపోయాయి. అప్పటికే చెరుకుతోటల కూలి లైన్లలో, అంటే కూలీల వరస గదుల్లో, భోజ్‌పురి, అవధి కలిసిన మాటే అందరిదీ. ఇప్పుడు ఫిజీ హిందీ అంటున్నది అదే. మన పిల్లలు ఆ లైన్లలోనే పెరిగారు. దక్షిణాదివాళ్లు 1926లో సంగం (సంఘం) పెట్టుకున్నారు, మనవాళ్లు 1941లో విడిగా ఆంధ్ర సంగం పెట్టుకున్నారు. ఇల్లు కాలుతుంటే బావి తవ్వినట్టే అయింది పాపం. 1935లో పేపరు వచ్చేసరికి దానికి పాఠకులు సిద్ధంగా ఉన్నారు, అంతే.

నా ఫిర్యాదు వేరు. మా పక్కింటి ఫిజీ పెద్దాయన ఇంటిపేరు నాయుడు, తెలుగు ముక్క రాదు. ‘నేను వెళ్తా’ అనాలంటే ‘హమ్ జాయేగా’ అంటాడు. పేపర్లో అది ‘మై జావూంగా’. చిన్నప్పుడు సాయంత్రం ఒకరు చదువుతుంటే మిగతావాళ్లు చుట్టూ కూర్చుని వినేవాళ్లట. ‘అర్థమయ్యేదా?’ అని అడిగాను. ‘రామాయణమే ఇంకా బాగా అర్థమయ్యేది’ అన్నాడు. నిజమే మరి, తులసీదాసు అవధి వాళ్ల మాటకు దగ్గర. పేపరు హిందీ బడి హిందీ. ఇంట్లో మాట అచ్చుకు పనికిరాదని ఆ పేపరు ప్రతి వారం చెప్పకనే చెప్పింది. నా దృష్టిలో దొరల సొమ్ము కన్నా ఇదే పెద్ద తప్పు.

కోనసీమ కుర్రాడు:
మన పత్రికలూ ఒకప్పుడు గ్రాంథికంలోనే వచ్చాయి కదా బాబాయ్. అప్పుడవి మనవి కావా?

ఆక్లండ్ బాబాయ్:
మనవే. కానీ మనకు గిడుగు ఉన్నాడు, పోట్లాడాడు. అక్కడ 2013 రాజ్యాంగం వచ్చాక గానీ ప్రాథమిక బళ్లలో వాడుక ఫిజీ హిందీ నేర్పాలన్న మాట పడలేదు.

పాతకాగితం:
సరే, ‘కూలీల గొంతు’ అనను. ‘కూలీలు విన్న గొంతు’ అంటే ఒప్పుకుంటా. 1987 సైనిక తిరుగుబాటు తర్వాత వేలమంది దేశం వదిలారు, ఆ వినేవాళ్లూ తగ్గారు. బాబాయ్, మీ పక్కింటాయన ఇప్పటికీ చదువుతాడా?

ఆక్లండ్ బాబాయ్:
కళ్లు ఆనట్లేదంటాడు. మనవడికి దేవనాగరి రాదు. నిన్న తాతకి ఫోన్లో మెసేజ్ పెట్టాడు, ఇంగ్లీషు అక్షరాల్లో: ‘ఆజా, హమ్ కల్ ఆయేగా’ (తాతా, నేను రేపు వస్తా).