లాగార్డియా ఆడిషన్‌కు కర్ణాటక వయొలిన్ కూర్చొని వాయించవచ్చా?

మా అమ్మాయి న్యూయార్క్‌లో 8వ తరగతి చదువుతోంది. లాగార్డియా ఆర్ట్స్ హైస్కూల్లో 9వ తరగతికి, వాద్య సంగీత విభాగంలో అప్లై చేస్తున్నాం. ఆరేళ్లుగా కర్ణాటక వయొలిన్ నేర్చుకుంటోంది. కింద కూర్చొని, పాదం మీద ఆనించి, నాలుగు తీగల్ని స-ప-స-ప స్వరాలకు శ్రుతి చేసి వాయిస్తుంది.

వీడియో పంపడానికి ఇంకా 16 రోజులే ఉంది, టెన్షన్‌గా ఉంది. మూడు వారాలుగా పాశ్చాత్య పద్ధతిలో నిలబడి వాయించే ప్రయత్నం చేసింది. గడ్డం కింద వయొలిన్ నిలవట్లేదు. ఎడమచెయ్యి దాన్ని పట్టుకోవడానికే సరిపోతోంది, మోహన రాగ వర్ణంలో గాంధారం (గ స్వరం) దగ్గర జారు, అంటే వేలిని తీగ మీద జార్చి పలికించే గమకం, తెగిపోతోంది. తీగల్ని పాశ్చాత్య శ్రుతి జీ, డీ, ఏ, ఈకి మారిస్తే వేళ్లు తడబడుతున్నాయి. కూర్చుంటే మాత్రం ఎంత హాయిగా పలుకుతుందో! ఇప్పుడున్న స్కూల్లో కౌన్సెలర్‌ని అడిగితే తనకు తెలియదన్నారు.

మీ పిల్లలెవరైనా అక్కడ ఆడిషన్ ఇచ్చి ఉంటే దయచేసి చెప్పండి: కింద కూర్చొని వర్ణం వాయించిన వీడియోను తీసుకున్నారా?